కదలని కారు తాగిన పెట్రోలు

3, మంగళవారం

లీటరుకి పదకొండు. మళ్ళీ పదకొండే.

ఈసారి ఎవరూ వంక పెట్టడానికి వీల్లేకుండా కొలిచాను. ఒకే బంకు, ఒకే పంపు. గన్ను తనంతట తను టక్కుమని ఆగేదాకా పట్టించడం, మీటరు సున్నా చేయడం, ట్యాంకు బాగా తగ్గాక అదే పంపు దగ్గరికి వెళ్ళి మళ్ళీ టక్కుమనేదాకా పట్టించడం, తిరిగిన దూరాన్ని పట్టిన లీటర్లతో భాగించడం. ఇంతకంటే నిజాయితీ గల లెక్క లోకంలో లేదు. కంపెనీ ప్రకటన ఇరవై అంటోంది. డాష్‌బోర్డు మీద తెర పన్నెండున్నర అంటోంది. బంకు పదకొండు అంటోంది. కంపెనీ లోకానికి అబద్ధం చెబితే, కారు ఎక్కి కూర్చున్న నాకే అబద్ధం చెబుతోంది.

ఆ ఇరవై ఎక్కడిది? ప్రయోగశాలలో బండిని రోలర్ల మీద ఎక్కించి, ఏసీ కట్టేసి, ఎదురుగాలి లేకుండా, గుంట లేకుండా, సడెన్‌గా ఆగే స్కూలు బస్సు లేకుండా తిప్పితే వచ్చిన ఇరవై. నేను ఆ ప్రయోగశాలలో కాపురం ఉండటం లేదు. పైగా టర్బో. చిన్న ఇంజిన్‌కి గాలి దట్టించే చక్రం ఒకటి తగిలించి, పెద్ద ఇంజిన్ బలం, చిన్న ఇంజిన్ తిండి అని అమ్ముతారు. రెండూ నిజమే. ఒకేసారి నిజం కావు, అంతే. మెల్లగా తొక్కితే చిన్న ఇంజిన్‌లా తింటుంది, బలం ఉండదు. గట్టిగా తొక్కితే ఆ చక్రం లేచి ఈల వేస్తుంది, బలం వస్తుంది, పెట్రోలు ఆబగా లాగేస్తుంది. ఎన్నికల ముందు ఒక మాట, తర్వాత ఒక మాట చెప్పేవాళ్ళని చీల్చి చెండాడుతాం. వీళ్ళకి మాత్రం వాయిదాలు కట్టి దండం పెడతాం.

పత్రికకి రాయబోయే వ్యాసానికి మొదటి పేరా దొరికింది.

భోజనాల దగ్గర మా ఆవిడకి ఇదంతా చెబుతున్నాను. మధ్యలో, మీతో కొంచెం మాట్లాడాలి అంది. ఉండు, ఈ ముక్క పూర్తి చేయనీ అన్నాను. పూర్తి చేసి చూస్తే కంచం తీసుకుని లేచిపోయింది. ఏదో మాట్లాడాలన్నావుగా అంటే, ఏం లేదులెండి అంది.

లెండి.

పెళ్ళైన కొత్తలో పోరి పోరి నువ్వు అనిపించుకున్నాను. వాళ్ళ అమ్మ ముందు కూడా అనిపించాను. ఇన్నేళ్ళుగా నువ్వే. కోపం తలకెక్కినప్పుడు తప్ప.

సర్లే. మైలేజీ సంగతి తేలాలి ముందు.

4, బుధవారం

ముందు గదిలో పడుకుంది, ఫ్యాను పెట్టుకుని. ఈ చలిలో.

6, శుక్రవారం

నా గురకంటే పడటం లేదట. ఇరవై ఏళ్ళు పడ్డ గురక ఈ వారమే ఎందుకు పడలేదో అడగాలనుకున్నాను. అడిగితే జవాబు చెబుతుంది. అందుకే టైర్లలో గాలి చూడ్డానికి వెళ్ళిపోయాను.

నాలుగు టైర్లూ తక్కువే ఉన్నాయి. గాలి తక్కువైతే టైరు నేలకి పరుచుకుంటుంది, బండి ఈడ్చుకుంటూ పోతుంది, ఆ ఈడ్పుకీ పెట్రోలే. కొట్టించాను. రేపటి నుంచి ఉదయం బండి స్టార్ట్ చేసి వేడెక్కించే పని కూడా మానేస్తాను. కదిలిస్తే అదే వేడెక్కుతుంది. ఇవన్నీ యజమాని తప్పులని కంపెనీ ముందే ఒక పుస్తకంలో అచ్చేసి పెట్టుకుంది. దొంగ తనే పోలీసు రిపోర్టు రాసిపెట్టుకున్నట్టుంది.

ఆవిడ ఈ మధ్య ఏది చెప్పినా ఆఁ? అంటోంది. మళ్ళీ చెబితే మళ్ళీ ఆఁ? ఆవిడ ఉద్యోగమే చెవుల ఆస్పత్రిలో వినికిడి పరీక్షలు చేయడం. రోజంతా జనాన్ని మూసేసిన గదిలో కూర్చోబెట్టి, వినపడితే బొత్తాం నొక్కమంటుంది. ఊరందరికీ ఎంత వినపడుతోందో కొలిచే మనిషికి ఇంట్లో మొగుడి మాట చెవికెక్కడం లేదు. వినపడక కాదు, వినాలని లేక. అది నాకు తెలుస్తూనే ఉంది.

ఇవాళ కూడా ఆస్పత్రి నుంచి ఆలస్యంగా వచ్చింది. ట్రాఫిక్కట.

8, ఆదివారం

బావమరిది వచ్చాడు. ఎరువుల కంపెనీలో సేల్స్ వాడికి. వారంలో సగం రోడ్ల మీదే ఉంటాడు, మిగతా సగం రోడ్ల గురించి మాట్లాడుతుంటాడు. మా కారు ఎర్రది కాబట్టి దానికి విప్లవం అని పేరు పెట్టాడు. వస్తూనే, బావగారూ, విప్లవం లీటరుకి ఎంతిస్తోంది అన్నాడు. నేను చెప్పడం మొదలుపెడితే, అది కాదు, డిక్కీ తెరవండి అన్నాడు.

డిక్కీ నిండా అట్టపెట్టెలు.

"ఏంటివి, ఇటుకలా?"

నా వ్యాసాల రెండో సంపుటి అని చెప్పాను. సభలకి వెళ్ళినప్పుడు తీసుకెళ్తుంటానని కూడా చెప్పాను.

"తీసుకెళ్ళి మళ్ళీ జాగ్రత్తగా తీసుకొచ్చేస్తున్నారన్నమాట. ఇద్దరు భారీ పెద్దమనుషుల్ని ఎక్కించుకుని ఊరంతా తిరుగుతున్నారు బావగారూ. దిగరు, మాట్లాడరు, కిరాయి ఇవ్వరు."

ఆవిడ నవ్వుతుందేమోనని చూశాను. నవ్వలేదు. తమ్ముడికి ఎడమ పక్క కూర్చున్నదల్లా లేచి కుడి పక్కకి మారింది. నాకు ఎదురుగా ఉండటం కూడా ఇష్టం లేనట్టుంది.

పెట్టెలు పైకి మోశాం. ఇద్దరం ఆయాసపడ్డాం. తర్వాత వాడు తాళాలు తీసుకుని ఊరవతల రోడ్డు మీదికి నడిపాడు, నేను పక్కన. కాలు పెడల్ మీద పెట్టాడా లేదా అన్నట్టు నడిపాడు. ఇంజిన్ నిమిషానికి రెండు వేలు తిరగకముందే గేరు మార్చేస్తాడు. ముందు బండికి ఇంత దూరం వదిలేస్తాడు. సిగ్నల్ ఎర్రగా కనిపిస్తే అక్కడి నుంచే కాలు తీసేసి దొర్లిస్తాడు, అక్కడికి వెళ్ళేసరికి పచ్చగా ఉంటుంది. టర్బో అసలు నిద్ర లేవలేదు. పదిహేడు దాటింది తెర మీద.

"మీరు బండి నడపరు బావగారూ. బండితో వాదిస్తారు. ముందువాడు తప్పుకోవాలి, సిగ్నల్ ఒప్పుకోవాలి. ఆ వాదనకంతా పెట్రోలే."

ఖాళీ రోడ్డు మీద ఎవడు నడిపినా పదిహేడు వస్తుందనీ, బతుకు ఊళ్ళో ఉందనీ, వ్యవస్థ చేసిన తప్పుని వ్యక్తి పాదం మీదికి నెట్టడం పాత ఎత్తు అనీ చెప్పాను. వాడు తలూపుతూ విన్నాడు. వాడి తలూపులో ఒప్పుకోవడం ఉండదు, ఇంకెంతసేపు అని ఉంటుంది.

వెళ్ళేముందు మెట్ల దగ్గర ఆగాడు.

"అక్క ఏమైనా చెప్పిందా మీకు?"

దేని గురించి అన్నాను.

"అదే... చెబుతుందిలెండి."

చెప్పులు వేసుకుని దిగిపోయాడు. జోకు వేయకుండా మా గుమ్మం దాటడం ఇదే మొదలు.

9, సోమవారం

అడగలేదు.

11, బుధవారం

టైర్లలో గాలి సరిగ్గా ఉంది. డిక్కీ ఖాళీ. మొన్నటి నుంచి నేను కూడా మెల్లగానే తొక్కుతున్నాను, కావాలంటే ఎవరైనా పక్కన కూర్చుని చూసుకోవచ్చు. పన్నెండు. ఒక్కటంటే ఒక్కటి పెరిగింది. అంటే తప్పు నా పాదానిదీ కాదు, నా వ్యాసాలదీ కాదు. ఎడిటర్‌కి ఫోన్ చేసి నా సొంత కారునే సాక్ష్యంగా పెడుతున్నానని చెప్పాను. వచ్చే వారానికి ఇవ్వమన్నాడు. ఉత్సాహంగా సర్వీస్ సెంటర్‌కి వెళ్ళాను, యుద్ధానికి.

అక్కడి మేనేజరు ఒకావిడ. నాకు సరిజోడు. నేను నోరు తెరవకముందే, మీ పాదం బరువు ఎక్కువేమో సార్ అంది. ఇది ఈ వారంలో రెండోసారి వింటున్నానన్నాను. కంప్యూటర్ తగిలించమన్నాను. తగిలించింది. నేను ఆవిడ భుజం మీంచి చూస్తూ, అందులో ఉన్నది మార్చకుండా చదవండి అని కూడా అన్నాను.

చదివింది. చదివి, మొహంలో వెలుగు దాచుకోలేకపోయింది.

"సార్, మీ బండి నడవడం కంటే నిలబడటం ఎక్కువ."

ట్రాఫిక్కన్నాను. ట్రాఫిక్కయితే ఆగుతూ కదులుతూ ఉంటుంది, ఇది ఆగిన చోటే ఇంజిన్ తిరుగుతూ ఉంది, పనిరోజుల్లో సాయంత్రం ప్రతిసారీ, ముప్పావుగంట దాకా, ఏసీతో సహా అంది. గంటసేపు అలా నిలబెట్టి తిప్పితే లీటరు దాకా తాగేస్తుందట, కిలోమీటరు కూడా పెరగదట. అది తీసేసి లెక్క వేస్తే మీ బండి పద్నాలుగుకి తక్కువ ఇవ్వట్లేదు సార్, మా తప్పేం లేదు అంది. పద్నాలుగు కూడా ఇరవై కాదు కదా అన్నాను. అది నిజమే సార్ అంది. ఆ ఒక్క నిజం పట్టుకుని బయటికొచ్చేశాను.

పనిరోజుల్లో సాయంత్రం కారు నా దగ్గర ఉండదు. పొద్దున నా పనులయ్యాక ఆస్పత్రికి తీసుకెళ్ళే ఆవిడ దగ్గర ఉంటుంది.

12, గురువారం

ఒక మనిషి ఆగిన కారులో ముప్పావుగంట కూర్చోవడానికి సవాలక్ష కారణాలుంటాయి. ఫోన్లు మాట్లాడుకోవచ్చు. పాటలు వినొచ్చు.

స్త్రీ స్వేచ్ఛ మీద ఒక పుస్తకం, కుటుంబం అనే నిర్బంధం మీద ఇంకో పుస్తకం రాసినవాణ్ణి. పెళ్ళాం ఎక్కడ ఎంతసేపు ఉందో లెక్క అడిగే మగాళ్ళ మీద రాసినంత ఎవడూ రాసి ఉండడు. నేను అడగను. అది నా నమ్మకం.

పక్క సీట్లో ఎవరైనా ఉంటారా అన్నది కూడా నాకు అనవసరం.

ముందు గదిలో పడక. మీరు. ఆఁ? ఆలస్యం. తమ్ముడికి చెప్పింది, నాకు చెప్పలేదు. ఇవన్నీ వరసగా పెట్టి చూస్తే ఏ తెలివితక్కువవాడికైనా ఒకటే తోస్తుంది. వెళ్ళిపోదలుచుకుంది. ఎలా చెప్పాలా అని చూస్తోంది. చెప్పబోయినరోజు నేను టర్బో గురించి మాట్లాడుతున్నాను.

వ్యాసం ఒక్క వాక్యం ముందుకి పోలేదు.

13, శుక్రవారం

నా బల్ల వీధి వైపు కిటికీ దగ్గర ఉంటుంది. కార్లు పెట్టుకునే స్థలం భవనం వెనక. సాయంత్రం దాహం వేసి నీళ్ళకని వంటింట్లోకి వెళ్ళాను. అక్కడి కిటికీలోంచి చూస్తే వెనక స్థలం మొత్తం అరచేతిలో పెట్టినట్టు కనిపిస్తుంది. ఇంటిపని సమానంగా పంచుకోవడం గురించి సభల్లో గొంతు చించుకున్నాను. సాయంత్రం పూట మా వంటింటి కిటికీలోంచి ఏం కనిపిస్తుందో ఇన్నాళ్ళూ తెలియదు.

ఎర్ర కారు మా స్థలంలో, గోడ పక్కన ఆగి ఉంది. వెనక గొట్టంలోంచి సన్నగా ఆవిరి వస్తోంది. చలి కదా.

పక్క సీట్లో ఎవరూ లేరు.

ఆవిడ సీటు వెనక్కి వాల్చుకుని ఉంది. కళ్ళు మూసుకుని. ఫోను లేదు చేతిలో. పెదాలు కదలడం లేదు. అలా ఎంతసేపు చూశానో తెలీదు, గ్లాసు పట్టుకునే ఉన్నాను. ఆ మొహం అంత తీరిగ్గా ఉండటం చూసి ఎన్నాళ్ళయిందో. కాసేపటికి ఆవిడ లేచి, అద్దంలో జుట్టు సర్దుకుని, ఇంజిన్ ఆపింది. ఆపగానే కుడి చేత్తో చెవి మూసుకుంది, నొప్పి వచ్చినట్టు. నేను గబగబా బల్ల దగ్గరికి వచ్చి కూర్చున్నాను. పైకి వచ్చి, ట్రాఫిక్కండీ అంది.

నాలుగు గదుల ఇల్లు. అందులో ఎక్కడా దొరకని సుఖం ఆవిడకి ఆగిన కారులో దొరుకుతోంది.

ఎవరూ లేనందుకు పొంగిపోయాను. కానీ ఎవరైనా ఉంటే, ఆ మనిషితో వాదించి ఉండేవాణ్ణి. ఖాళీ సీటుతో ఏం వాదించను?

14, శనివారం

అడిగాను.

నమ్మకాలు, పుస్తకాలు పక్కన పెట్టి, చిక్కుళ్ళు తుంచుతుంటే ఎదురుగా కుర్చీ లాక్కుని కూర్చుని, రోజూ కిందే కారులో ఎందుకు కూర్చుంటున్నావు అని అడిగాను. వెళ్ళిపోతావా అని కూడా అడిగేశాను, అదే ఊపిరిలో.

ఎక్కడికి అంది. నిజంగానే అర్థం కాలేదు ఆవిడకి.

తర్వాత అర్థమైంది. చేతిలో చిక్కుడుకాయ కింద పెట్టింది.

కుడి చెవిలో ఈల. రెండు నెలలుగా. ఆగదు. పొద్దున లేస్తే ఉంటుంది, పడుకుంటే ఇంకా పెద్దదవుతుంది. చుట్టూ నిశ్శబ్దం ఎంత ఎక్కువైతే అది అంత ఎక్కువ. ఫ్యాను మోత పక్కన ఉంటే కొంచెం నయం. కారు ఇంజిను, ఏసీ గాలి రెండూ కలిస్తే, ఆ మోతలో ఈల మునిగిపోతుంది. అదొక్కటే చోటు. మొదటిరోజు ఆస్పత్రి నుంచి వచ్చి ఇంజిన్ ఆపడం మర్చిపోయి కూర్చుంటే, ఉన్నట్టుండి లోపల ఖాళీ అయినట్టయిందట. ఏడుపొచ్చిందట. అప్పటి నుంచి రోజూ.

తన చెవి తనే కొలుచుకోలేక తోటి ఉద్యోగిని కొలవమంది. కుడి చెవిలో వినికిడి తగ్గింది, సన్నటి శబ్దాల దగ్గర. అందుకే ఆఁ? అనడం. అందుకే తమ్ముడి ఎడమ పక్కనుంచి కుడి పక్కకి మారడం, వాడి మాట మంచి చెవిలో పడటానికి. ఒక్క చెవిలోనే అయితే మామూలుగా తీసుకోకూడదని ఆవిడకి తెలుసు. రోజూ వేరేవాళ్ళకి అదే చెబుతుంది. చెవి నుంచి మెదడుకి వెళ్ళే నరం మీద గడ్డలాంటిదేమైనా ఉందేమో స్కాన్ తీయాలి. సోమవారం తీస్తున్నారు.

నాకెందుకు చెప్పలేదన్నాను.

"చెప్పబోయాను. నేను చెవి గురించి మొదలుపెడితే మీరు ఆస్పత్రుల గురించి మాట్లాడతారు. స్కాన్ అంటే స్కాన్ మిషన్లు అమ్మేవాళ్ళ గురించి మాట్లాడతారు. అన్నీ నిజాలే మాట్లాడతారండీ. నాకు భయం వేస్తోందని చెప్పడానికి మధ్యలో చోటు దొరకదు."

నోరు తెరిచాను. స్కాన్ సెంటర్ల కమీషన్ల మీద ఒక పేరా నాలిక చివర తయారుగా ఉంది. నోరు మూసుకుని చిక్కుళ్ళు తుంచాను. సరిగ్గా రాలేదు. పీచు తీయాలట.

16, సోమవారం

నేనే నడిపాను. బయల్దేరగానే అలవాటు కొద్దీ ఎదుటి వ్యాన్‌ని దాటేయాలని తొక్కాను. టర్బో ఈల వేసింది. ఆవిడ చేయి నా చేతి మీద పడింది.

"ఇదే. సరిగ్గా ఇలాగే ఉంటుంది. ఈ ఈలే."

ఆవిడ చెవిలో రెండు నెలలుగా ఏం వినపడుతోందో నాకు అప్పుడు వినపడింది. కాలు తీసేశాను.

అక్కడి నుంచి ఆ ఈల ఒక్కసారి కూడా రానివ్వలేదు. ఇంజిన్ గొంతు పెంచకముందే గేరు మార్చాను. వ్యాన్ వెనకే ఉన్నాను, పోనీ అనుకుని. వెనకవాడు హారన్ కొట్టాడు, కొట్టుకోనిచ్చాను. దూరంగా సిగ్నల్ ఎర్రబడితే అక్కడి నుంచే దొర్లించుకుంటూ వెళ్ళాను. బావమరిది చూస్తే వాడి జన్మ ధన్యమయ్యేది. దారి పొడుగునా నేనేమీ మాట్లాడలేదు. ఇంజిన్ మాత్రం ఒకే శ్రుతిలో గునుస్తూ ఉంది. ఆవిడ తల వెనక్కి వాల్చింది.

స్కాన్ గది నుంచి బయటికి వచ్చాక కొంచెం నవ్వింది. లోపల మిషన్ ఎంత మోత పెడుతుందంటే ఈల జాడే లేదట. జనం ఆ గొట్టంలో భయపడి ఏడుస్తారు, నేనొక్కదాన్నే హాయిగా కునుకు తీసి ఉంటాను అంది. నేను నవ్వబోయాను, కుదరలేదు.

రిపోర్టు ఎల్లుండి.

17, మంగళవారం

మైలేజీ గురించి రాద్దామని కూర్చున్నాను. ఇరవై అయితేనేం, పదకొండయితేనేం.

ముందు గదిలో ఆవిడ ఫ్యాను పక్కన ఇంకో ఫ్యాను పెట్టాను. మోత పెరిగింది. దుప్పటి కూడా ఇంకోటి ఇచ్చాను.

18, బుధవారం

డాక్టరు గది బయట కవరు మా చేతికే ఇచ్చేశారు. ఆవిడ ఆగలేదు. కిటికీ దగ్గరికి వెళ్ళి, ఫిల్ము తీసి వెలుగుకి పెట్టి పట్టుకుంది. అందులో నాకు బూడిద రంగు మరకలు తప్ప ఏమీ కనిపించవు. అందుకని నేను ఫిల్ము చూడలేదు, ఆవిడ మొహం చూశాను. కళ్ళు ఎడమ నుంచి కుడికి వెళ్ళాయి. ఒకచోట ఆగాయి. అక్కడే చాలాసేపు ఉన్నాయి. నా జీవితంలో ఏ వాదనలోనూ ఎదుటివాడి జవాబు కోసం అంతగా ఎదురుచూడలేదు.

భుజాలు దిగాయి ముందు. తర్వాత మాట వచ్చింది.

"ఏమీ లేదు. నరం శుభ్రంగా ఉంది."

సరిగ్గా చూశావా అన్నాను. చూశాను అంది. రెండో వైపుతో పోల్చావా అన్నాను. పోల్చాను అంది. డాక్టరు కూడా లోపల అదే మాట చెప్పాడు, ఇంకా ఎక్కువసేపు తీసుకుని. గడ్డ లేదు, ఏమీ లేదు. ఈల ఒక్కోసారి తగ్గుతుంది, ఒక్కోసారి ఉండిపోతుంది. ఉండిపోతే మెదడు మెల్లగా దాన్ని పట్టించుకోవడం మానేస్తుంది. పూర్తి నిశ్శబ్దంలో ఉండొద్దు, పక్కన ఏదో ఒక చిన్న మోత ఉంచుకోండి అన్నాడు. నేను ఆయనతో ఏ విషయం మీదా వాదించలేదు. థాంక్స్ కూడా రెండుసార్లు చెప్పాను.

కారులో కూర్చుని తాళం పెట్టాను, తిప్పలేదు. స్టీరింగ్ మీద తల ఆనించాను.

"నువ్వు ఏడుస్తున్నావా?"

నువ్వు అంది. విన్నాను. అడిగి మళ్ళీ చెప్పించుకోలేదు, చెడిపోతుందేమోనని.

దారిలో ఒకడు రాంగ్ సైడులో మీదికొచ్చి, పైగా నన్నే తిట్టాడు. చేయి ఊపి దారిచ్చాను. ఆవిడ నా నుదురు మీద చేయి పెట్టి చూసింది, జ్వరమేమో అని.

19, గురువారం

అదే బంకు, అదే పంపు. టక్కు. పదహారున్నర.

ఈ ట్యాంకులో కారు ఆగి ఉండగా ఇంజిన్ తిరిగింది తక్కువ. శనివారం నుంచి ఆవిడ కింద కూర్చోవడం లేదు, పైకి వచ్చి ఫ్యాన్ల మధ్య కూర్చుంటోంది. స్కాన్‌కీ రిపోర్టుకీ వెళ్ళొచ్చిన దూరమంతా నేను ఈల రాకుండా నడిపాను. టైర్లలో గాలి. డిక్కీలో పెద్దమనుషులు లేరు. ఇదంతా కలిపి పదహారున్నర. బావమరిదికి ఫోన్ చేసి చెప్పాను, గెలుపు వాడిదే అని ఒప్పుకుందామని. వాడు ముందు మైలేజీ ఊసే ఎత్తలేదు. అక్క రిపోర్టు సంగతి తెలిసింది బావగారూ, నిన్ననే ఫోన్ చేసింది అన్నాడు. తర్వాత, ఇంతకీ విప్లవం ఇన్నాళ్ళూ ఆగిన చోటే ఆగి ఇంధనం తగలేసిందన్నమాట అన్నాడు. ఈ జోకు కోసం వాడు ఎన్నాళ్ళు ఆగాడో. నవ్వాను. ఫోన్ పెట్టేశాక కూడా నవ్వాను.

వ్యాసం సంగతి. నా కారుని సాక్ష్యంలోంచి తీసేశాను. పదకొండు అన్న అంకె కొట్టేయడానికి చెయ్యి ఒప్పుకోలేదు, ఎంత బాగా కోపం తెప్పించే అంకె అది. అయినా కొట్టేశాను. అంతమాత్రాన కంపెనీ బయటపడిపోయిందని ఎవరూ సంబరపడక్కర్లేదు. భార్యాభర్తలు బుద్ధిగా, రుషుల్లా నడిపితే పదహారున్నర. మిగతా మూడున్నర ఎక్కడ? రోలర్ల మీద వచ్చిన అంకెని రోడ్డు మీద మనిషికి అమ్మడం నేరమా కాదా? ఏసీ వేసి, నలుగుర్ని కూర్చోబెట్టి, ఊళ్ళో నడిపి, ఆ అంకెని కూడా అదే సైజు అక్షరాల్లో వేయమంటున్నాను. అంతే అడుగుతున్నాను. ఎక్కువేమీ కాదు. మళ్ళీ రక్తం వేడెక్కింది. హాయిగా ఉంది.

22, ఆదివారం

వ్యాసం పూర్తయింది. నా రాతల్లో ఇంత పదునైనది ఈమధ్య లేదు.

మధ్యాహ్నం భోజనాలయ్యాక ఆవిడ ఫ్యాన్లు రెండూ కట్టేసి, చలిగా ఉందని సోఫాలో కాళ్ళు ముడుచుకుంది. మంచి చెవి దిండులో, ఈల చెవి పైకి, దాని మీద వదులుగా ఒక చేయి. ఫ్యాను లేకపోతే ఎలా, కిందికెళ్ళి కాసేపు కారు ఆన్ చేయనా అన్నాను.

"వద్దు, పెట్రోలు దండగ. నువ్వు చదువు."

ఏంటి చదివేది అన్నాను.

"రాశావుగా ఏదో. నీ గొంతు సాగుతున్నంతసేపూ అది వినపడదు. నిన్న నువ్వు ఎడిటర్‌తో ఫోన్లో గంట సేపు పోట్లాడావు చూడు, ఆ గంటా నాకు ఈల లేదు."

ఇరవై ఏళ్ళుగా నా మాట నోరు మూయించింది ఎవర్ని అని ఎవరైనా అడిగితే చెప్పడానికి ఒక్క పేరు లేకపోయింది ఇన్నాళ్ళూ.

కుర్చీ దగ్గరికి లాక్కుని మొదలుపెట్టాను. సభలో చదివినట్టు కాదు. రెండు వేలు దాటకుండా, శ్రుతి పెంచకుండా, ఒకే గేరులో. మొదటి పేరాలో ప్రయోగశాల, రెండో పేరాలో రోలర్లు. మూడో పేరా నా ప్రాణం. కంపెనీలని అడిగే ప్రశ్నలన్నీ అందులోనే ఉన్నాయి, చదివినవాడు కుర్చీలోంచి లేవాలి. మూడో పేరా మధ్యలో ఆవిడ నోరు కొద్దిగా తెరుచుకుంది. ఊపిరి బరువెక్కింది. చెవి మీది చేయి జారి పక్కకి పడిపోయింది.

నిద్రపోయింది. నా వ్యాసం వింటూ మనిషి నిద్రపోతే ఇంత సంతోషం వేస్తుందని ఎప్పుడూ అనుకోలేదు.

ఆపలేదు. నాలుగు, అయిదు, ముగింపు. ముగింపులో పిడికిలి బిగించాల్సిన వాక్యం ఒకటి ఉంది. దాన్ని కూడా జోలపాటలా చదివాను. అయిపోయింది. ఆపితే ఆ నిశ్శబ్దానికి లేచిపోతుందేమోనని, ఊపిరి తీసుకుని మళ్ళీ మొదటి పేరా నుంచి అందుకున్నాను.